బీరువాలో పడున్న పాత ఫోన్‌లో వాట్సాప్ పెట్టుకోవడం ఎట్ల

మా కడప పక్క చాలా ఇళ్ళల్లో జరిగేదే ఇది. కువైట్ నుంచి సెలవుకి వచ్చినోళ్ళు కొత్త ఫోన్ కొనుక్కోని పాతది ఇంట్లో పెట్టిపోతారు, అది బీరువాలో చీరల కింద పడుంటాది, ఉన్నట్టుండి ఎవరికో గుర్తొచ్చి "జేజికి ఇది ఇచ్చేస్తే వాట్సాప్ చూసుకుంటాది కదా" అని బయటికి తీస్తారు. తీసినాక వాట్సాప్ ఎక్కదు, ఎక్కితే ఓటీపీ రాదు, అదీ వస్తే వారం తిరక్కుండానే స్టోరేజ్ ఫుల్ అంటాది. ప్రొద్దుటూరు వాళ్ళూ ఇదే అడుగుతారు, రాజంపేట వాళ్ళూ ఇదే అడుగుతారు, కువైట్‌లో ఉండే కొడుకులు కూడా అక్కడి నుంచి ఫోన్ చేసి ఇదే అడుగుతారు. అందుకే అంతా ఒక్కచోట రాసేస్తాండా.

ముందే ఒక మాట చెప్పాల. పాత ఫోన్‌తో ఇబ్బంది ఎక్కువగా అది పాతదైనందుకు రాదు, దాని మీద మనం మోయలేనంత బరువు పెట్టినందుకు వస్తాది. 1 జీబీ ర్యామ్, 8 జీబీ స్టోరేజ్ ఉండే ఫోన్‌లో వాట్సాప్, ఫేస్‌బుక్, ఇన్‌స్టాగ్రామ్, ఫోన్‌పే, పిల్లోళ్ళకి రెండు గేములు అన్నీ కావాలంటే ఏదీ సరిగ్గా నడవదు. దానికి ఒకే పని అప్పజెప్పండి. వాట్సాప్ కావాలంటే వాట్సాప్ ఒక్కటే, ఫేస్‌బుక్ కావాలంటే అది ఒక్కటే. అట్ల చేస్తే ఎనిమిది తొమ్మిదేండ్ల నాటి ఫోన్ కూడా పెద్దోళ్ళ చేతిలో బాగానే పనిచేస్తాది.

ఇక్కడ చెప్పేదంతా ఆండ్రాయిడ్ ఫోన్లకే. ఐఫోన్ సంగతి ఒక్క ముక్కలో తేలిపోతాది: 2025 మే నుంచి ఐఓఎస్ 15.1 లేనిదే వాట్సాప్ రాదు, కాబట్టి 5ఎస్, 6, 6 ప్లస్ ఉన్నవాళ్ళు టైం వేస్ట్ చేసుకోవద్దండి.

కావాల్సినవి

- ఫోను, దానికి సరిపోయే ఛార్జర్, గట్టిగా ఉండే కేబుల్.
- ఓటీపీ వచ్చే నంబర్ ఒకటి. ఆ సిమ్ ఈ ఫోన్‌లోనే ఉండాలని లేదు, కీప్యాడ్ ఫోన్‌లో ఉన్నా చాలు, ఎట్లనో కింద చెప్తా.
- వైఫై, లేదా ఇంట్లో ఇంకొకరి ఫోన్ హాట్‌స్పాట్.
- పాస్‌వర్డ్ గుర్తున్న జీమెయిల్. గుర్తులేకపోతే ముందు అది తేల్చుకోని రండి.
- పాత ఫొటోలు దించుకోవడానికి కంప్యూటరో, మెమరీ కార్డో.
- ఒక పూట తీరిక. పాత ఫోన్‌ని తొందర పెడితే ఇంకా మొరాయిస్తాది.

1. ముందు బ్యాటరీ చూడండి, ఛార్జింగ్ తర్వాత

నెలల తరబడి వాడని ఫోన్‌ని తీసిన వెంటనే ఛార్జింగ్‌కి పెట్టొద్దు. వెనక మూత ఊడొచ్చేదైతే తీసి, బ్యాటరీని చదరంగా ఉండే బండ మీద పెట్టి వేలితో తిప్పి చూడండి. గిరగిరా తిరిగితే ఉబ్బిందని అర్థం, మంచి బ్యాటరీ అట్ల తిరగదు. మూత ఊడని ఫోన్ అయితే స్క్రీన్ ఒక పక్క లేచిందేమో, అంచుల్లో సందు కనపడుతోందేమో చూడండి. ఉబ్బి ఉంటే ఛార్జింగ్ పెట్టొద్దు, వొత్తొద్దు, పిన్నుతో పొడవద్దు, చెత్తబుట్టలో పడేయొద్దు. రిపేర్ షాపుకి తీసుకపోయి బ్యాటరీ మార్పించండి. మార్చినదానికి ఖర్చు ఫోన్ విలువకంటే ఎక్కువ చెప్తే అక్కడితో ఆపేయడమే మంచిది.

బాగుంటే ఛార్జింగ్ పెట్టండి, పరుపు మీద కాదు, దిండు కింద అసలు కాదు. మన ఇళ్ళల్లో కడప బండల నేల ఉంటాది కదా, ఎండ పడని మూల ఆ చల్లటి బండ మీదే పెట్టండి, ఫోన్ వేడి కిందికి దిగిపోతాది. ఏప్రిల్, మే నెలల్లో మధ్యాహ్నం పూట, అందులోనూ రేకుల ఇంట్లో, ఛార్జింగ్ వద్దు, తెల్లారుజామునో రాత్రో పెట్టుకోండి. పాత బ్యాటరీకి ఎండకంటే పెద్ద శత్రువు లేదు.

ఛార్జింగ్ ఎక్కకపోతే పోర్టులో దుమ్ము చూడండి. ఫోన్ ఆఫ్ చేసి పళ్ళు కుట్టుకునే కట్టెపుల్లతో మెల్లగా గీకితే ఉండలుగా బయటికి వస్తాది. గుండుసూది వాడొద్దు, లోపల పిన్నులు వంగిపోతే ఇంక అంతే.

2. ఆండ్రాయిడ్ ఎంతో చూడండి

సెట్టింగ్స్‌లో అడుగుకి పోతే అబౌట్ ఫోన్ అని ఉంటాది, అందులో ఆండ్రాయిడ్ వెర్షన్. ఈ ఒక్క అంకె మీదే మిగతా అంతా ఆధారపడి ఉంది.

వాట్సాప్ వాళ్ళు 2021 నవంబర్‌లో కనీసం 4.1 ఉండాలన్నారు, 2023 అక్టోబర్‌లో దాన్ని 5.0కి పెంచినారు. కొన్నేండ్లకోసారి ఇట్ల పెంచుతానే ఉంటారు. కాబట్టి ఇట్ల లెక్కేసుకోండి:

- 4.4 అంతకంటే కింద: వాట్సాప్ ఆశ వదిలేయండి. అలారం, ఎఫ్ఎం రేడియో, టార్చి, మెమరీ కార్డులో భజనలు, ఇవన్నీ బ్రహ్మాండంగా పనికొస్తాయి.
- 5, 6: పెట్టి చూడొచ్చు, కానీ ఎక్కువకాలం నమ్ముకోవద్దు. కొత్త గీత గీసినప్పుడు ముందు పోయేది ఇవే.
- 7, 8 ఆపైన: ధైర్యంగా మొదలుపెట్టండి.

అబౌట్ ఫోన్‌లోనే సిస్టమ్ అప్‌డేట్ అని కూడా ఉంటాది, వైఫైలో ఒకసారి నొక్కి చూడండి. కొన్ని ఫోన్లకి ఎప్పుడో వచ్చిన అప్‌డేట్ ఎవరూ ఎక్కించకుండా అట్లనే ఉండిపోయి ఉంటాది, 5 అనుకున్నది 6 అయ్యే అవకాశం ఉంది. ఫోన్‌లో కంపెనీ ఇచ్చిన ఆండ్రాయిడ్‌నే తీసేసి లీనేజ్ ఓఎస్ లాంటి వేరే సిస్టమ్ ఎక్కించడం తెలిసినోళ్ళకి మంచి దారే, కానీ ఇంట్లో ఉండే ఒకే ఒక్క ఫోన్ మీద నేర్చుకోవద్దు.

3. తేదీ, టైము, టైమ్‌జోన్

చాలామంది దీన్ని పట్టించుకోరు, సగం తలనొప్పి ఇక్కడే పుడతాది. బ్యాటరీ పూర్తిగా దిగిపోయిన పాత ఫోన్ ఆన్ చేస్తే తేదీ ఎప్పటిదో చూపిస్తాది, 2012 అనో 2015 అనో. తేదీ తప్పుంటే ప్లేస్టోర్ తెరుచుకోదు, సైట్లు "మీ కనెక్షన్ ప్రైవేట్ కాదు" అంటాయి, వాట్సాప్ "మీ ఫోన్ తేదీ సరిగా లేదు" అని ఆగిపోతాది. జనం నెట్ పనిచేయలేదనుకోని రీఛార్జ్ మీద రీఛార్జ్ చేస్తారు పాపం.

గల్ఫ్ నుంచి వచ్చిన ఫోన్లలో ఇంకో చిక్కు ఉంది. టైమ్‌జోన్ కువైట్‌దే ఉండిపోయి ఉంటాది. కువైట్ మనకంటే రెండున్నర గంటలు వెనక. గడియారం తప్పు చూపిస్తాందని ఎవరో ఒకరు టైమ్‌జోన్ మార్చకుండా ముల్లు మాత్రం రెండున్నర గంటలు ముందుకి తిప్పుతారు. పైకి చూస్తే టైము కరెక్టే, లోపల మాత్రం ఫోన్ "కువైట్‌లో ఇప్పుడు ఇంత టైము" అనుకుంటాది, అంటే అసలు లెక్క రెండున్నర గంటలు తప్పు. వాట్సాప్ అది కనిపెట్టేస్తాది, మనకి మాత్రం ఎందుకో అర్థం కాదు.

చేయాల్సింది ఇది: సెట్టింగ్స్, డేట్ అండ్ టైమ్. సిమ్ ఉంటే ఆటోమేటిక్ తేదీ, ఆటోమేటిక్ టైమ్‌జోన్ రెండూ ఆన్ చేయండి. సిమ్ లేకుండా వైఫై మీదే నడిపేటట్టయితే టైమ్‌జోన్‌ని ముందు ఇండియా, అంటే జీఎంటీ +5:30 పెట్టి, ఆ తర్వాతే తేదీ టైము సరిచేయండి. ఈ వరస తప్పొద్దు.

సరిగ్గా ఉందా లేదా తెలుసుకోవాలంటే ఫోన్ ఒకసారి ఆఫ్ చేసి ఆన్ చేయండి. తేదీ మళ్ళీ వెనక్కి పోతే ఫోన్ టైము గుర్తుపెట్టుకోలేకపోతాందని, అప్పుడు సిమ్ వేసి ఆటోమేటిక్ మీదే ఉంచుకోవడం మంచిది.

4. ఫోన్ ఖాళీ చేయండి

పాత ఫొటోలు, వీడియోలు, నంబర్లు ముందు దించుకోండి. జేజినాయన ఫొటో ఒక్కటే ఉన్నది ఆ ఫోన్‌లోనే అని రీసెట్ (అంటే ఫోన్‌లో ఉండేదంతా తుడిచేయడం) కొట్టినాక ఏడ్చినోళ్ళు ఉన్నారు, తర్వాత ఎవరూ తెచ్చివ్వలేరు. మెమరీ కార్డు ఉంటే బయటికి తీసి పక్కన పెట్టండి.

ఆ తర్వాత సెట్టింగ్స్, అకౌంట్స్‌లోకి పోయి పాత మనిషి జీమెయిల్ తీసేయండి. ఇది రీసెట్‌కి ముందే చేయాల. ఆండ్రాయిడ్ 5.1 నుంచి ఒక తాళం పెట్టినారు, ఖాతా తీసేయకుండా రీసెట్ కొడితే ఫోన్ ఆ పాత జీమెయిల్, పాస్‌వర్డ్ అడిగి అక్కడే నిలబడిపోవచ్చు. దొంగ ఫోన్లు పనికిరాకుండా ఉండాలని పెట్టిన తాళం అది, ఇంటి మనిషి ఫోన్‌కైనా ఒకటే. కువైట్‌లో ఉండే తమ్ముడిదైతే, ఆయన లైన్‌లో ఉన్నప్పుడే ఈ పని చేయండి.

ఇప్పుడు ఫ్యాక్టరీ డేటా రీసెట్. అయినాక కొత్తగా జీమెయిల్ పెట్టి, కంపెనీ వాళ్ళు ముందే ఎక్కించిన అక్కర్లేని యాప్‌లని అన్‌ఇన్‌స్టాల్, అది కుదరకపోతే డిజేబుల్ చేయండి. 8 జీబీ ఫోన్ అంటే మన చేతికి మిగిలేది నాలుగు జీబీనో అంతకంటే తక్కువో. కనీసం 1 జీబీ ఖాళీ కనపడేదాకా ముందుకి పోవద్దు.

రీసెట్ ఇష్టం లేనోళ్ళు యాప్‌లన్నీ చేత్తో తీసేయొచ్చు గానీ, ఎంత తుడిచినా ఏదో ఒకటి మిగిలే ఉంటాది. నామాట వింటే రీసెట్టే చేయండి.

5. నెట్ ఎట్ల ఇస్తారు

ఫోన్ 4జీదా 3జీదా అనేది ఇక్కడ ముఖ్యం. జియోకి మొదటి నుంచీ 2జీ, 3జీ లేవు, 3జీ ఫోన్‌లో జియో సిమ్ వేస్తే సిగ్నలే రాదు. ఎయిర్‌టెల్ 2019లో మొదలుపెట్టి 3జీ తీసేస్తూ వచ్చింది, 3జీ ఫోన్‌లో ఆ సిమ్ వేస్తే కాల్స్ వస్తాయి గానీ డేటా 2జీకి పడిపోతాది, ఒక ఫొటో దిగేలోపల అన్నం తినేసి రావచ్చు. అట్లాంటి ఫోన్‌కి వైఫై గానీ హాట్‌స్పాట్ గానీ ఒక్కటే దారి.

సిమ్ సైజు సంగతి కూడా. ఇప్పటి సిమ్ నానో, పాత ఫోన్ అడిగేది మైక్రో. మధ్యలో ప్లాస్టిక్ అడాప్టర్ వేస్తారు. ఆ అడాప్టర్‌ని సిమ్ లేకుండా ఖాళీగా లోపలికి తోయొద్దు, బయటికి లాగేటప్పుడు లోపలి పిన్నులు పట్టుకోని ఊడొస్తాయి. సిమ్ అడాప్టర్‌లో కదలకుండా వెనక సన్న టేపు ముక్క వేసి పెట్టండి.

6. వాట్సాప్ ఎక్కించండి

రీసెట్ అయిన వెంటనే ప్లేస్టోర్ తెరిచి నొక్కితే చాలాసార్లు ఎర్రర్ వస్తాది. ఎందుకంటే ఆ ప్లేస్టోర్ కూడా పాతదే, అది తనంతట తాను అప్‌డేట్ అవ్వాల. జీమెయిల్ పెట్టి, వైఫై ఆన్ చేసి, ఛార్జింగ్‌కి పెట్టి ఒక అర్ధగంట ముట్టుకోకుండా వదిలేయండి. నిజంగా ఇంతే. అర్ధగంట తర్వాత అదే ప్లేస్టోర్ వేరే రంగులో తెరుచుకుంటాది.

అప్పటికీ కాకపోతే సెట్టింగ్స్, యాప్స్, గూగుల్ ప్లేస్టోర్, అందులో క్లియర్ క్యాషె, క్లియర్ డేటా రెండూ నొక్కి ఫోన్ రీస్టార్ట్ చేయండి. "మీ డివైజ్‌కి ఇది సరిపోదు" అని వస్తే వెర్షన్ చాలలేదని, దానికి మందు లేదు.

ఆ మాట వచ్చినప్పుడే కొంతమంది పాత వాట్సాప్ ఏపీకే, అంటే ప్లేస్టోర్ బయట దొరికే యాప్ ఫైల్, దాని కోసం వెతుకుతారు. వాట్సాప్ ప్రతి వెర్షన్‌కీ గడువు ఉంటాది, గడువు దాటినది తెరిస్తే "ఈ వెర్షన్ పనిచేయదు, అప్‌డేట్ చేయండి" అంటాది. తేదీ వెనక్కి తిప్పి మోసం చేద్దామంటే మూడో స్టెప్పులో చెప్పిన గొడవంతా మళ్ళీ మొదటికొస్తాది. జీబీ వాట్సాప్ లాంటి, వాట్సాప్ కంపెనీవి కాని నకళ్ళు అయితే ఇంకా ప్రమాదం, మీ మెసేజ్‌లు ఎవరి చేతికి పోతాయో తెలీదు, నంబర్ బ్యాన్ కూడా అవుతాది.

7. నంబర్ రిజిస్టర్ చేయండి

ఇండియా +91 ఎంచుకోని పది అంకెలు కొట్టండి, ముందు సున్నా వద్దు. ఆరు అంకెల కోడ్ ఎస్సెమ్మెస్‌లో వస్తాది. సిమ్ కీప్యాడ్ ఫోన్‌లో ఉంటే కోడ్ అందులోకే వస్తాది, చూసి ఇందులో కొట్టండి, పని అయిపోయింది. చాలా ఇళ్ళకి ఇదే బాగుంటాది: జేజి కాల్స్ మాట్లాడేది అలవాటైన కీప్యాడ్ ఫోన్‌లోనే, ఈ పాత టచ్ ఫోన్ వైఫైలో ఉండి వాట్సాప్ మాత్రం చూసుకుంటాది. రెండు నంబర్లు అవసరం లేదు.

కోడ్ రాలేదని రీసెండ్ టకటకా కొట్టొద్దు. కొట్టేకొద్దీ ఆగమనే టైము పెరుగుతాది, గంటల్లోకి పోతాది. ఒకసారి కొట్టి ఆగండి, రాకపోతే కాల్ ద్వారా కోడ్ చెప్పమనే ఆప్షన్ నొక్కండి, గొంతు అంకెలు చదువుతాది, కాగితం పెన్ను పక్కన పెట్టుకోండి.

అదే నంబర్‌తో వేరే ఫోన్‌లో వాట్సాప్ నడుస్తాంటే అక్కడ లాగౌట్ అయిపోతాది, ఇది తెలిసే చేయండి. ఇంట్లో ఒకటే నంబర్, రెండు ఫోన్లలోనూ కావాలంటే రిజిస్టర్ చేసే స్క్రీన్‌లో మూడు చుక్కలు నొక్కి లింక్డ్ డివైజ్‌గా కలిపే ఆప్షన్ ఎంచుకోని మెయిన్ ఫోన్‌తో క్యూఆర్ స్కాన్ చేయండి. 2023 నుంచి ఫోన్లని కూడా ఇట్ల కలపనిస్తాండారు, మొత్తం నాలుగు దాకా. మెయిన్ ఫోన్ 14 రోజులు వాడకపోతే మిగతావి తెగిపోతాయి.

పాత చాట్లు కావాలంటే అదే నంబర్, బ్యాకప్ తీసిన అదే జీమెయిల్ ఉండాల. రిస్టోర్ అని అడిగేది రిజిస్టర్ చేసే అప్పుడే, స్కిప్ కొడితే మళ్ళీ అడగదు. కానీ 8 జీబీ ఫోన్‌లోకి ఏండ్లనాటి ఫొటోలన్నీ రిస్టోర్ చేస్తే మొదటిరోజే నిండిపోతాది. పెద్దోళ్ళకి కొత్తగా మొదలుపెట్టడమే సుఖం.

ఇంకొకటి, నంబర్లు సేవ్ చేసేటప్పుడు కువైట్ నంబర్లని +965 పెట్టి ఎనిమిది అంకెలు కొట్టండి. ప్లస్ లేకుండా సేవ్ చేస్తే కొడుకు పేరు వాట్సాప్‌లో కనపడదు, జేజి "వాడు లేడు ఇందులో" అంటాది.

8. వాట్సాప్ లోపలి సెట్టింగ్స్, ఇవి మార్చకుండా ఫోన్ చేతికి ఇవ్వొద్దు

స్టోరేజ్ అండ్ డేటాలో మీడియా ఆటో డౌన్‌లోడ్ ఉంటాది. మొబైల్ డేటా, వైఫై, రోమింగ్ మూడింట్లోనూ ఫొటోలు, ఆడియో, వీడియో, డాక్యుమెంట్లు అన్నింటికీ టిక్కులు తీసేయండి. గుడ్ మార్నింగ్ బొమ్మలు, దేవుడి వీడియోలు అడక్కుండా దిగి ఫోన్‌ని నింపేది ఇక్కడి నుంచే. వాయిస్ మెసేజ్‌లు మాత్రం ఎట్లైనా దిగుతాయి, అవి చిన్నవి, పర్లేదు. మన పెద్దోళ్ళకి కావాల్సింది కూడా అవే.

అక్కడే కాల్స్‌కి తక్కువ డేటా వాడమనే ఆప్షన్ ఆన్ చేయండి. చాట్స్‌లో ఫాంట్ సైజు లార్జ్. మీడియా విజిబిలిటీ ఆఫ్.

ప్రైవసీలో గ్రూప్స్‌ని మై కాంటాక్ట్స్‌కి మార్చండి, లేకపోతే ఊరూపేరూ తెలీని గ్రూపుల్లో కలిపేస్తారు. ప్రైవసీలోనే కాల్స్‌లో తెలియని నంబర్ల కాల్స్ మోగకుండా ఆపేది ఉంది, అది తప్పకుండా ఆన్ చేయండి. ఎక్కువ మెసేజ్‌లు వచ్చే గ్రూపులో డిసప్పియరింగ్ మెసేజెస్ ఏడు రోజులు పెట్టుకుంటే పాతవి వాటంతట అవే పోతాయి.

అకౌంట్‌లో టూ స్టెప్ వెరిఫికేషన్, ఆరు అంకెల పిన్. ఈమెయిల్ కూడా ఇవ్వండి, పిన్ మర్చిపోయి ఈమెయిల్ లేకపోతే ఏడు రోజులు ఎదురుచూడాల. పిన్ కాగితం మీద రాసి ఇంట్లో పెట్టండి, ఫోన్ వెనక అంటించొద్దు.

9. డబ్బు సంగతి

ఫోన్‌పే, గూగుల్‌పే, బ్యాంకు యాప్ ఏదీ ఈ ఫోన్‌లో వద్దు. గట్టిగానే చెప్తాండా. పాత ఫోన్లకి సెక్యూరిటీ అప్‌డేట్లు ఆగిపోయి ఏండ్లు అవుతాంటాయి, తలుపుకి గడియ లేనట్టే అది.

దానికి తోడు ఏపీకే ఫైళ్ళ మోసాలు. ఆర్టీవో చలాన్ అని, పీఎం కిసాన్ అని, పెండ్లి పత్రిక అని వాట్సాప్‌లో ఫైల్ పంపుతారు, తెలిసినోళ్ళ నంబర్ నుంచే వస్తాది ఎందుకంటే వాళ్ళ ఫోన్ ముందే పట్టుబడి ఉంటాది. నొక్కితే ఎస్సెమ్మెస్‌లు చదివే యాప్ లోపల కూర్చుంటాది, ఓటీపీలు అటు పోతాయి. ఆండ్రాయిడ్ 7 దాకా సెట్టింగ్స్, సెక్యూరిటీలో అన్‌నోన్ సోర్సెస్ అని ఒకే స్విచ్ ఉంటాది, అది ఆన్‌లో ఉంటే ఏ దారిలో వచ్చిన యాప్ అయినా ఎక్కిపోతాది. ఆఫ్‌లో ఉందో లేదో ఇప్పుడే చూడండి. బ్యాంకుకి లింక్ అయిన సిమ్ కీప్యాడ్ ఫోన్‌లోనే ఉంచండి అనడానికి ఇది ఇంకో కారణం. ఒకవేళ డబ్బు పోతే ఆలస్యం చేయకుండా 1930కి ఫోన్ చేయాల, ఎంత తొందరగా చేస్తే అంత మంచిది.

పనిచేస్తాందో లేదో ఎట్ల చూసుకోవాల

ఫోన్ ఇచ్చేసి చేతులు దులుపుకోవద్దు, ఈ పరీక్షలు పెట్టండి.

ఇంకో ఫోన్ నుంచి మెసేజ్ పెట్టండి, రెండు టిక్కులు పడాల. ఒకటే పడితే పాత ఫోన్‌కి నెట్ అందట్లేదు.

స్క్రీన్ ఆఫ్ చేసి పావుగంట పక్కన పెట్టి, అప్పుడు వాట్సాప్ కాల్ చేయండి. మోగితే పాసైనట్టు. తెరిచి ఉన్నప్పుడు మోగి, పక్కన పెడితే మోగకపోతే బ్యాటరీ సేవర్ వాట్సాప్‌ని నిద్రపుచ్చుతాందని అర్థం. ఆండ్రాయిడ్ 6, ఆపైన అయితే బ్యాటరీ ఆప్టిమైజేషన్‌లో వాట్సాప్‌ని డోంట్ ఆప్టిమైజ్‌కి మార్చండి. "కొడుకు ఫోన్ చేసినాడంట, మోగనే లేదు" అనే ఫిర్యాదు పదింట్లో ఎనిమిది సార్లు ఇదే.

అటూ ఇటూ వాయిస్ మెసేజ్ పంపి వినండి, మైకులో దుమ్ము ఉంటే గొంతు నూతిలోంచి వచ్చినట్టు వస్తాది. ఐదు నిమిషాలు వీడియో కాల్ చేసి వెనక చెయ్యి పెట్టి చూడండి, చెయ్యి పెట్టలేనంత కాలితే ఈ ఫోన్‌కి ఆడియో కాల్సే అని ముందే చెప్పేయండి. ఆఖరికి, వారం ఆగి స్టోరేజ్ చూడండి. బాగా తగ్గి ఉంటే ఎనిమిదో స్టెప్పులో ఏదో మర్చిపోయినారు.

ఎక్కువమంది చేసే తప్పులు

స్టోరేజ్ ఫుల్ అంటే 32 జీబీ మెమరీ కార్డు కొనుక్కొచ్చి వేస్తారు. వాట్సాప్ కార్డులోకి పోదు, దాని ఫొటోలు కూడా ఫోన్ సొంత స్టోరేజ్‌లోనే దిగుతాయి. కార్డు కెమెరా ఫొటోలకి, పాటలకి పనికొస్తాది అంతే. చేయాల్సింది వాట్సాప్ సెట్టింగ్స్, స్టోరేజ్ అండ్ డేటాలో మేనేజ్ స్టోరేజ్ తెరవడం. 5 ఎంబీ కంటే పెద్దవి, చాలాసార్లు ఫార్వర్డ్ అయినవి వేరువేరుగా చూపిస్తాది, నెలకోసారి అక్కడ ఊడ్చేయండి. మీరు పంపినవి కూడా ఒక కాపీ ఉండిపోతాది, ఫైల్ మేనేజర్‌లో వాట్సాప్ ఇమేజెస్, వీడియో ఫోల్డర్లలో సెంట్ అని ఉంటాది, అదీ చూడండి.

క్లీనర్, ర్యామ్ బూస్టర్ యాప్‌లు ఎక్కిస్తారు. అవే ర్యామ్ తింటాయి, ప్రకటనలు చూపిస్తాయి. ఒక్కటీ వద్దు.

సిమ్‌కి రీఛార్జ్ మానేస్తారు, వైఫై ఉంది కదా అని. వాడని నంబర్ కొంతకాలానికి కంపెనీ వెనక్కి తీసుకోని వేరేవాళ్ళకి ఇస్తాది, అప్పుడు వాళ్ళు ఆ నంబర్‌తో వాట్సాప్ పెట్టుకుంటే మీది పోతాది. వాట్సాప్ కూడా 120 రోజులు తెరవకపోతే ఖాతా తీసేస్తాది. ఫోన్ మళ్ళీ బీరువాలోకి పోతే ఇదే జరిగేది.

ఫేస్‌బుక్ కావాలంటే

పై స్టెప్పుల్లో ఐదు దాకా అంతే. ఆరులో పెద్ద ఫేస్‌బుక్ కాకుండా ఫేస్‌బుక్ లైట్ వేసుకోండి, 2015లో ఇట్లాంటి ఫోన్ల కోసమనే తెచ్చినారు, కొన్ని ఎంబీలే. మెసెంజర్ లైట్ మాత్రం 2023 సెప్టెంబర్‌లో మూసేసినారు, ఎవరైనా అది పంపితే తీసుకోవద్దు.

యాప్ అసలే ఎక్కకపోతే బ్రౌజర్‌లో తెరవొచ్చు. ఆండ్రాయిడ్ 7.1.1 కంటే పాత ఫోన్లలో తేదీ సరిగ్గా ఉన్నా కొన్ని సైట్లు తెరుచుకోవు, సైట్ అసలుదో కాదో తేల్చుకోవడానికి ఫోన్‌లో ఉండే సర్టిఫికెట్ల జాబితా పాతబడిపోయింది కాబట్టి. ఫైర్‌ఫాక్స్ తన జాబితా తానే తెచ్చుకుంటాది, మీ ఫోన్‌కి అది దొరికితే దాంట్లో చూడండి.

ఎప్పుడు ఆపేయాల

వాట్సాప్ ఒక ఫోన్‌ని వదిలేసే ముందు లోపలే నోటీసు చూపిస్తాది. అది కనపడితే ఓకే కొట్టి మర్చిపోవద్దు, అదేరోజు వాట్సాప్ సెట్టింగ్స్, చాట్స్, చాట్ బ్యాకప్‌లోకి పోయి బ్యాకప్ తీయండి. ఇది జీమెయిల్‌కి ఇచ్చే 15 జీబీ లెక్కలోకే వస్తాది, వీడియోలు లేకుండా తీస్తే చాలు. కొత్త ఫోన్‌లో రిస్టోర్ అయ్యిందని కళ్ళతో చూసినాకే పాతదాంట్లో జీమెయిల్ తీసేసి రీసెట్ కొట్టండి, సిమ్, కార్డు రెండూ తీసినారో లేదో ఇంకోసారి చూసి అప్పుడు షాపులో ఇవ్వండి.